మూడు గుప్పిళ్ల మైదా

ఆదిలాబాద్ పత్తి మార్కెట్‌లో లక్ష్మణ్‌రావు చేతికి ఒక పేరుంది. బండి మీద పత్తి ఎంత ఎత్తున ఉన్నా సరే, మోచేయి మునిగేదాకా చేయి దూర్చి, అడుగు నుంచి పిడికెడు లాగి, వేళ్ల మధ్య నలిపి "పదకొండు" అంటాడు. వెనకాల తేమ మీటర్ పట్టుకొని వచ్చే గుమాస్తా గుచ్చి చూస్తే అదీ పదకొండు శాతమే అంటుంది. ఒకసారి మీటర్ తొమ్మిది చూపించింది. లక్ష్మణ్‌రావు రెండోసారి చేయి పెట్టలేదు, మీటర్‌లో సెల్లు మార్చమన్నాడు. మార్చాక పదకొండు వచ్చింది. అప్పటి నుంచి యార్డులో ఎవరికైనా అనుమానం వస్తే మీటర్ మీద వచ్చిందే గాని ఆయన చేతి మీద రాలేదు.

ముప్పై రెండేళ్లు అదే పని చేసిన మనిషికి లోకమంతా పత్తిబండిలాగే కనిపించడంలో వింత లేదు. పై పొర ఎవరిదైనా తెల్లగానే ఉంటుంది. తడి ఎప్పుడూ అడుగునే దాక్కుంటుంది. ఆ తడి కొన్నవాడి గోదాముకు చేరాక వేడెక్కుతుంది, రంగు మారుతుంది, తూకం తరుగుతుంది. అమ్మినవాడేమో అప్పటికి ఊరు చేరి పడుకొని ఉంటాడు. కాబట్టి చేయి పెట్టాల్సింది కొనకముందే, అదీ లోపలికే. పత్తి విషయంలో ఇది నిజమైతే పెళ్లి విషయంలో ఎందుకు కాదన్నది ఆయన లెక్క.

ఆయన ఇంట్లో ఒక ఆనవాయితీ ఉంది. ఫోటోలు నచ్చి, జాతకాలు కుదిరి, పిల్లా పిలగాడూ ఫోన్లో మాట్లాడుకున్న తర్వాత, పిల్ల తరఫు పెద్దలు ఒక పూట అబ్బాయి ఇల్లు చూసి వస్తారు. పిల్ల వెళ్లదు. వెళ్లినవాళ్లు సంబంధం ఖాయమయ్యేదాకా అక్కడ అన్నం ముట్టరు, చాయ్, అటుకుల చుడువ వరకే. చివరికి మాట తేల్చేది మాత్రం లక్ష్మణ్‌రావే. తమ్ముడు విద్యాధర్ కూతురు స్పందనకు వచ్చిన రెండు సంబంధాలనూ ఆయనే తేల్చాడు. మొదటిది నిజామాబాద్‌లో. సొంతిల్లు అన్నారు. లక్ష్మణ్‌రావు చేతులు కడుక్కుంటూ, నీళ్లు సన్నగా వస్తున్నాయి, మోటర్ వేయి బాబూ అన్నాడు. ఆ పిలగాడు మూడు గదులు తిరిగినా మోటర్ స్విచ్చి దొరకలేదు. ఇల్లు స్నేహితుడిది, ఆ పూటకు అడిగి తెచ్చుకున్నది. రెండో అబ్బాయికి సిగరెట్ వాసనే పడదన్నారు. దేవుడి దగ్గర దీపం కొండెక్కింది, అగ్గిపెట్టె ఉందా అని అడిగితే అబ్బాయి ఆలోచించకుండా ప్యాంటు జేబులోంచి లైటర్ తీసిచ్చాడు.

మూడో సంబంధం కరీంనగర్‌ది. పేరు విక్రాంత్. గ్రానైట్ ఫ్యాక్టరీలో రాళ్ల కొలతలు, లోడింగు చూసుకుంటాడు. తండ్రి లేడు, తల్లి జమున పోస్టాఫీసులో చేసి రిటైరైంది. డిసెంబర్‌లో ఒక ఆదివారం, యార్డు బంద్ ఉన్న రోజు, విద్యాధర్, లక్ష్మణ్‌రావు, ఆయన భార్య జానకీబాయి తెల్లవారుతుండగా కారెక్కారు. స్పందన శాలువా కప్పుకొని గేటు దాకా వచ్చింది. జూనియర్ కాలేజీలో ఫిజిక్స్ చెప్పే పిల్ల కాబట్టి మాట సూటిగా ఉంటుంది.

"పెద్దబాపూ, రెండుసార్లు నువ్వు వద్దన్నవ్, నేను సరే అన్న. గీయనతోని మూడు నెలలసంది మాట్లాడుతున్న. తప్పుంటే చెప్పు, వింట. కని తప్పు దొర్కాలె అనుకొని మాత్రం ఎతుకకు."

"లేని తప్పు నేనెక్కడికెళ్లి తెస్త బిడ్డా," అన్నాడు లక్ష్మణ్‌రావు.

ఆమె నవ్వలేదు. తలుపు వేస్తూ, విక్రాంత్ రొట్టెలు చేస్తాడని, దాల్చినచెక్క వేసిన డబల్ రొట్టె, అంటే బ్రెడ్డు, పిండి కలపడం దగ్గర్నుంచి ఇంట్లోనే చేస్తాడని, ఈరోజు వాళ్లకోసం చేసి పెడతానన్నాడని చెప్పింది. ఆ మాట చెబుతున్నప్పుడు పిల్ల ముఖం ఎలా ఉందో లక్ష్మణ్‌రావు గమనించాడు. సరుకు నచ్చి ఇంటికి వెళ్లలేక బండి చుట్టూ తిరిగే బేరగాడి ముఖం అది. అలాంటి ముఖం వెనకాల ఉన్నప్పుడు పరీక్షించేవాడు ఇంకా జాగ్రత్తగా ఉండాలి. ఖానాపూర్‌లో చాయ్ తాగుతున్నంతసేపూ ఆయన అదే ఆలోచించాడు.

కరీంనగర్‌లో ఆ ఇల్లు రెండో అంతస్తు. మెట్ల దగ్గరే వాసన తగిలింది. జానకీబాయి ముక్కు ఎగబీల్చి, ఎవరో బిర్యానీ చేస్తున్నారంది. పైకెళ్లాక తెలిసింది, అది బిర్యానీ కాదు. చుడువ, గరిజెల పక్కన ఒక పళ్లెంలో పొడుగాటి రొట్టె పెట్టి ఉంది. తమలపాకుల కట్టను నిలబెట్టినట్లు పలకలు పలకలుగా, పైన ఎర్రగా కాలి, సందుల్లోంచి చక్కెర పాకం కారి గడ్డకట్టి. కత్తి అక్కర్లేదు, అంచు పట్టుకొని లాగితే ఒక్కో పలక ఊడి వస్తుందని జమున చూపించింది. ఒకరు లాగింది ఇంకొకరికి తగలదు, ఎంగిలి బాధ లేదని కూడా చెప్పింది. జానకీబాయి ఒక పలక తిని, దాల్చినచెక్క మటన్‌లో వేస్తాం గాని తీపిలో వేయొచ్చని తనకు ఇన్నేళ్లు ఎవరూ చెప్పలేదని వాపోయి, రెండోది లాగింది.

లక్ష్మణ్‌రావు తన పలకను వేళ్ల మధ్య నొక్కి చూశాడు. నొక్కితే అణిగింది, వదిలితే లేచింది. లోపల కూడా అంతే మెత్తగా ఉంది. ఎక్కడా వంక లేదు. వంక లేని బండి అంటేనే ఆయనకు అనుమానం.

ఏ బేకరీది అని అడిగాడు. జమున ముఖంలో నవ్వు సగం తగ్గింది. రెండేళ్ల కింద తనకు నాలుగు పళ్లు పీకారని, నెలరోజులు మెత్తటిది తప్ప తినొద్దన్నారని, బేకరీ రొట్టె తిని తిని మొహం మొత్తితే కొడుకే ఫోన్లో చూసి నేర్చుకున్నాడని చెప్పింది. మొదటి ఆరు రొట్టెలు వీధి కుక్కలు కూడా వద్దన్నాయట. విక్రాంత్ పక్కనే నిలబడి ఉన్నాడు. ముప్పై దగ్గర వయసు, బక్కపలచటి మనిషి, తల్లి చెబుతున్నదానికి ఏదీ కలపలేదు, తీయలేదు.

లక్ష్మణ్‌రావు లెక్క వేసుకున్నాడు. జీతం కాగితం చూపిస్తారు, ఫ్యాక్టరీ పేరు చెబుతారు, చదువు సర్టిఫికెట్లు పెడతారు. అవన్నీ పై పొర. ఒక్క పూటలో చేయి పెట్టి చూడగలిగింది ఈ రొట్టె ఒక్కటే. ఇందులో నిజం చెప్పినవాడు మిగతా వాటిలోనూ చెబుతాడు. తినే వస్తువు గురించి అబద్ధం ఆడినవాడికి పెద్ద అబద్ధం పెద్ద బరువు కాదు. అందుకే, మళ్లీ ఒకటి మా ముందర చేస్తావా బాబూ అని అడిగాడు. బల్ల కింద జానకీబాయి ఆయన తొడ మీద గిచ్చింది. విద్యాధర్ కిటికీలోంచి బయటికి చూశాడు.

"నాలుగు గంటలు పడ్తది అంకుల్," అన్నాడు విక్రాంత్.

యార్డు బంద్, తొందరేం లేదన్నాడు లక్ష్మణ్‌రావు.

వంటింటి గుమ్మంలో స్టూలు వేసుకొని కూర్చున్నాడు. విక్రాంత్ అరలోంచి అరచేయంత ఎలక్ట్రానిక్ కాంటా తీశాడు. గిన్నె పెట్టి సున్నా చేసి, నాలుగు వందల గ్రాముల మైదా తూచాడు. పాలు, చక్కెర, వెన్న, చివరికి ఉప్పు కూడా కాంటా మీదే. తూకం తెలిసిన పిలగాడని లక్ష్మణ్‌రావు మనసులో ఒక గీత వేసుకున్నాడు. గోరువెచ్చటి పాలలో కాస్త చక్కెర, ఈస్ట్ వేసి పక్కన పెడితే పది నిమిషాల్లో పొద్దుటి కల్లు మీద లేచినట్లు నురగ లేచింది. దాన్ని మైదాలో పోసి, వెన్న వేసి కలిపాడు. పిండి చేతులకు బంకలా పట్టుకుంది. గట్టు మీద వేసి అరచేత్తో తోస్తూ, మడుస్తూ, మళ్లీ తోస్తూ పావుగంట పిసికాడు. అయినా అంటుతూనే ఉంది.

తడి ఎక్కువైందేమో అన్నాడు లక్ష్మణ్‌రావు.

మెత్తగా ఉంటేనే మంచిగా పొంగుతుందని, కాసేపు అలా వదిలి మళ్లీ పిసికితే అదే సర్దుకుంటుందని విక్రాంత్ చెప్పాడు. లక్ష్మణ్‌రావు తలూపాడు. యార్డులో తడి పత్తి తెచ్చిన ప్రతివాడూ ఇలాంటిదే ఏదో చెబుతాడు. రాత్రి మంచు పడ్డదంటాడు, ఎండకు అదే ఆరుతుందంటాడు.

అంతలో ఫ్యాక్టరీ నుంచి ఫోన్. ట్రెయిలర్ మీద రాయి ఒరిగిందట. విక్రాంత్ చేతులు కడుక్కొని, పిండి మీద బట్ట కప్పి, బాల్కనీలోకి వెళ్లాడు. జమున, జానకీబాయి హాల్లో పట్టుచీరల ముచ్చట్లలో పడ్డారు. విద్యాధర్ పేపర్ చదువుతున్నాడు. వంటింట్లో లక్ష్మణ్‌రావు, పిండి ముద్ద మిగిలారు.

ఆయన లేచి బట్ట ఎత్తి చేయి పెట్టాడు. అలవాటు. వేళ్లు లోపలికి దిగి తిరిగి రానన్నాయి. ఆ చేయి ఇన్నేళ్లలో ఎంతో తడి చూసింది గాని ఇంత తడి ఏ బండిలోనూ చూడలేదు. ఇది ఎనిమిది శాతమూ కాదు, పన్నెండూ కాదు, ఏ మిల్లూ గేటులోకి రానివ్వని తడి. అప్పుడు ఆయన మనసులో జరిగింది చెప్పాలంటే, చెడు ఉద్దేశం ఏ కోశానా లేదు. పిలగాడు ఇప్పటికే సగం నచ్చాడు. తూకం తెలుసు, మాట తక్కువ. పాలు రెండు చుక్కలు ఎక్కువ పడి పరువు పోగొట్టుకుంటాడేమోనని జాలి వేసింది. పొద్దున గేటు దగ్గర చూసిన స్పందన ముఖం గుర్తొచ్చింది. మైదా ప్యాకెట్ పక్కనే మూతి తెరిచి ఉంది. ఒక గుప్పెడు వేసి కలిపాడు. ఇంకా అంటింది. రెండోది వేశాడు. మూడోదానికి ముద్ద చేతిని వదిలేసి, ఇంట్లో జానకీబాయి చపాతీలకు కలిపినట్లు గట్టిగా, పొడిగా, మర్యాదగా తయారైంది. పెద్దరికం అంటే ఇదే, ఎదుటివాడికి తెలియకుండా వాడి తప్పు దిద్దడం అనుకొని బట్ట కప్పి, చేతులు కడిగి, వచ్చి స్టూలు మీద కూర్చున్నాడు.

విక్రాంత్ తిరిగొచ్చి బట్ట తీశాడు. రెండు వేళ్లతో ముద్దను నొక్కాడు. తీసి కాంటా మీద పెట్టాడు. కాంటా వైపు చూశాడు, మైదా ప్యాకెట్ వైపు చూశాడు, తర్వాత ఇంకెటూ చూడకుండా ముద్దను గిన్నెలో పెట్టి మూత వేశాడు. పొంగడానికి గంటన్నర పడుతుందన్నాడు. రాళ్ల ఫ్యాక్టరీవాడు కదా, ఎత్తిందల్లా తూస్తాడు కాబోలనుకున్నాడు లక్ష్మణ్‌రావు.

గంటన్నర గడిచింది. ఆకలి మొదలైంది. చుడువ అయిపోయింది, చాయ్ మూడుసార్లు వచ్చింది, అన్నం మాట ఎత్తకూడదు. మూత తీసి చూస్తే ముద్ద పెట్టినచోట పెట్టినట్లే కూర్చొని ఉంది, పొంగిందంటే పొంగింది, లేదంటే లేదు. పత్తి పొంగినట్లు కనిపిస్తే నీళ్లు చల్లారని అనుమానించే లక్ష్మణ్‌రావు, పిండి పొంగకపోతే ఎవరిని అనుమానించాలో తేల్చుకోలేకపోయాడు.

విక్రాంత్ చపాతీ కర్రతో ముద్దను వెడల్పుగా చేయబోయాడు. చేసినంతా వెనక్కి ముడుచుకుంది, అంచులు పగిలాయి. కరిగిన వెన్న రాసి, చక్కెర కలిపిన దాల్చినచెక్క పొడి చల్లి, పట్టీలుగా కోసి, ఒకదాని మీద ఒకటి పేర్చి, మళ్లీ చతురస్రాలుగా కోసి, పొడుగు రేకు డబ్బాలో నిలబెట్టాడు. మధ్యలో రెండుసార్లు వెనక గదిలోకి వెళ్లి వచ్చాడు. కంగారు పడుతున్నాడనుకున్నాడు లక్ష్మణ్‌రావు. కంగారు నిజానికి తనది.

ఓవెన్‌లో అరగంట. వాసన మాత్రం పొద్దుటిలాగే ఇల్లంతా నిండింది. డబ్బా బోర్లించి పళ్లెంలో పెట్టాక, జానకీబాయి చివరి పలక పట్టుకొని లాగింది. పలక రాలేదు, రొట్టె మొత్తం లేచింది. గట్టిగా గుంజితే ఒక మూల విరిగి టప్పున పళ్లెంలో పడింది. విద్యాధర్ ఒక ముక్క చాయ్‌లో ముంచి నానబెట్టాడు. చాయ్ చల్లారింది గాని ముక్క నానలేదు.

"గిది మంచిగ రాలే," అన్నాడు విక్రాంత్. జమున కొడుకు ముఖం, రొట్టె ముఖం మార్చి మార్చి చూసింది. ఎన్నడూ ఇలా కాలేదని చెప్పబోయి, చెబితే ఎవరు నమ్ముతారని ఆగిపోయినట్లుంది.

విద్యాధర్ అన్నను బాల్కనీలోకి తీసుకుపోయి తలుపు దగ్గరగా వేశాడు.

"నువ్వన్నదే నిజమైంది అన్నా. పొద్దుగాల వెట్టింది బేకరీదే. చేసుడు రాకుంటే రాదనొచ్చు, దాంట్ల ఏమున్నది? పిల్లకు మూడు నెలలసంది అబద్ధం చెప్తుండు. గిది నువ్వు చెప్తవా, నన్ను చెప్పమంటవా?"

కింద రోడ్డు మీద ఆటోలు పోతున్నాయి. లక్ష్మణ్‌రావు కటకటాలు పట్టుకొని నిలబడి లెక్క మొదలుపెట్టాడు. ఒక పక్క ముప్పై రెండేళ్ల పేరు. నోరు విప్పితే అది ఈ బాల్కనీలోనే పోతుంది. పెద్దమనిషి, పిల్లను ఇవ్వబోయే ఇంట్లో దొంగచాటుగా పిండిలో చేయి పెట్టాడన్న మాట చుట్టాలందరిలో తిరుగుతుంది. రేపు ఇంకో పిల్ల సంబంధానికి ఎవరూ పిలవరు. ఇంకో పక్క, పరాయి పిలగాడు, ఒక రొట్టె. నోరు మూసుకుంటే ఎవరికీ తెలియదు, సంబంధాలు ఇంకా వస్తాయి. ఇలా తూచితే తన వైపే మొగ్గింది.

పోనీ మధ్యస్థంగా ఏదైనా చెబుదామా అని వెతికాడు. ఓవెన్ పాతదనొచ్చు. ఈస్ట్ చచ్చిందనొచ్చు. చలికి పొంగలేదనొచ్చు. ఒక్కోటి నాలుక దాకా తెచ్చుకొని ఆగాడు. అన్నీ ఎక్కడో విన్నట్లే ఉన్నాయి. రాత్రి మంచు పడ్డది దొరా, ఎండకు అదే ఆరుతది. ఈపాటికి యార్డులో అయితే తను ఆ బండి పక్కనుంచి ఒక్క మాట అనకుండా వెళ్లిపోయేవాడు. ఇవాళ అడుగున తడి పెట్టుకొని నిలబడ్డ బండి తనదే.

జేబులో ఫోన్ మోగింది. స్పందన.

విద్యాధర్ చేయి చాచాడు, తనే చెబుతానన్నట్లు. లక్ష్మణ్‌రావు ఫోన్ ఇవ్వలేదు. తలుపు తోసుకొని హాల్లోకి వచ్చి, అందరి మధ్య నిలబడి స్పీకర్ నొక్కాడు.

రొట్టె ఎట్లయింది పెద్దబాపూ అని అడిగింది ఆ పిల్ల.

"ఖరాబైంది బిడ్డా. పిలగాడు మంచిగనే కలిపిండు. ఆయన ఫోన్ మాట్లాడవోయినప్పుడు నేను మూడు గుప్పిళ్ల మైదా కలిపిన. తడి ఎక్కువున్నదనుకున్న. తప్పు నాది."

అందరికంటే ముందు తేరుకున్నది జానకీబాయి.

"ముప్పై ఏండ్లల్ల మనింట్ల చపాతి పిండి ఒక్కనాడు ముట్టలేరు. గీ ఇంటికొచ్చి ముట్టిండ్రా?"

విద్యాధర్ కుర్చీలో కూలబడ్డాడు. అన్న వైపు చూసి, నిజామాబాద్‌లో మోటర్ స్విచ్చి కూడా నువ్వే దాచినవా ఏంది అని అడిగాడు. వేళాకోళమే, అయినా లక్ష్మణ్‌రావుకు అది ఎక్కడ తగలాలో అక్కడ తగిలింది. నిజం చెప్పినందుకు ఖర్చు ఈ క్షణం నుంచే మొదలైందని అర్థమైంది.

ఫోన్లోంచి స్పందన, విక్రాంత్ ఏమంటున్నాడని అడిగింది. అందరూ అటు తిరిగారు. అతను పళ్లెంలోని రొట్టెను కాస్త పక్కకు జరిపాడు.

"నూట పద్దెనిమిది గ్రాములు అంకుల్. మూడు గుప్పిళ్లే అంటే మీ చెయ్యి పెద్దదే."

లక్ష్మణ్‌రావుకు కాంటా గుర్తొచ్చింది, ప్యాకెట్ వైపు చూసిన చూపు గుర్తొచ్చింది. ముద్ద తూచి కలిపిన లెక్క కంటే బరువు తూగడమే కాదు, ప్యాకెట్ కూడా అంతే తగ్గిందని ఆ పిలగాడు అప్పుడే పట్టేశాడు. యార్డులో తను బండ్లను పట్టుకున్నట్లు.

"తెలిసి గూడ ఎందుకు చెప్పలే?"

"చెప్తే మీ మాట పోతుండె. చెప్పకుంటే నా రొట్టె పోతది. రొట్టె మల్ల చేసుకోవచ్చు గదా."

"పాలు పోసి సదురుకోవద్దా మరి?"

"పోద్దామనే అనుకున్న. మీరు మల్ల మైదా పోస్తరని భయమైంది."

మొదట నవ్వింది జమున. పళ్లు పీకించుకున్న నోటికి చెయ్యి అడ్డం పెట్టుకొని, కళ్లలో నీళ్లు వచ్చేదాకా నవ్వింది. ఫోన్లో కూడా ఎవరో నవ్వుతున్నారు. విక్రాంత్ వెనక గదిలోకి వెళ్లి, ఇన్వర్టర్ మీద వెచ్చగా పెట్టిన ఇంకో రేకు డబ్బా తెచ్చాడు. వీళ్లంతా హాల్లో చాయ్ తాగుతున్నప్పుడే రెండోసారి తూచి, కలిపి, గదిలో దాచి, పలకలు కోసి పెట్టాడట. తూకం పోతే గొడవ పడకుండా ఇంకో లోడు సిద్ధం చేసుకునే మనుషులు యార్డులో ఎందరున్నారో లక్ష్మణ్‌రావుకు వేళ్ల మీద తెలుసు. ఒక చేతి వేళ్లు చాలు.

డబ్బా అంచు దాటి, పలకలన్నీ ఒకదాన్నొకటి నెట్టుకుంటూ ఉబ్బి ఉన్నాయి. చూడండి అంకుల్ అని విక్రాంత్ డబ్బా ముందుకు పట్టాడు. లక్ష్మణ్‌రావు వెనకాడి, చివరికి చిటికెన వేలితో ముట్టాడు. వేలు దిగింది, తీస్తే ఆ గుంట మెల్లగా, తొందర లేకుండా నిండింది. ఎంతుంటుంది తేమ అని విక్రాంత్ అడిగాడు. నాకు తెల్వదు బాబూ అన్నాడు ఆయన. ఆ మాట ఆ నోట జానకీబాయి పెళ్లయ్యాక మొదటిసారి వింటున్నట్లు తలెత్తి చూసింది.

అరగంట తర్వాత రొట్టె బల్ల మీదికి వచ్చింది. చల్లారనివ్వాలని విక్రాంత్ చెప్పిన మాటను ఎవరూ పట్టించుకోలేదు. పొద్దుటి నుంచి ఆకలి మీద ఉన్న మనుషులు. జానకీబాయి రెండు వేళ్లతో తాకితే చాలు, పలక దూదిలా ఊడి వచ్చింది. విద్యాధర్ అబద్ధాల గురించి ఇందాక చెప్పిందంతా పక్కన పెట్టి నాలుగు తిన్నాడు. జమున చక్కెర పాకం కారిన అడుగు పలకలను ఏరి లక్ష్మణ్‌రావు ముందు పెట్టింది. ఆమె కోపంగా పెట్టిందా, ప్రేమగా పెట్టిందా అని ఆయన చూసుకోలేదు. వేడిగా ఉన్నప్పుడే తిన్నాడు. చెక్క ఘాటు, చక్కెర, వెన్న, వాటి మధ్య ఆ మెత్తదనం. తను పొద్దున మూడు గుప్పిళ్లతో చంపింది దాన్నేనని నమిలిన కొద్దీ తెలుస్తూ వచ్చింది.

విద్యాధర్ చేతులు తుడుచుకొని అలవాటుగా అన్న వైపు తిరిగాడు, మాట తేల్చమన్నట్లు. ఇంత జరిగాక కూడా ఆ మెడ అటే తిరిగింది.

"నన్నడుగకు తమ్మీ. ఇయ్యాల నా చెయ్యి తప్పింది. బతికేది ఆ పిల్ల, దాన్నే అడుగు."

విద్యాధర్ స్పీకర్ పెట్టి కూతురికి ఫోన్ చేశాడు. ఇల్లు బాగుందని, మనుషులు బాగున్నారని, రెండో రొట్టె ఇంకా బాగుందని, ఇక పెద్దబాపు ఏమీ అననంటున్నాడని, నీ ఇష్టమేనని చెప్పుకొచ్చాడు. అన్నీ విని స్పందన ఒక్కటే అడిగింది, తనకోసం ఎన్ని ముక్కలు మిగిలాయని. అందరూ పళ్లెంలోకి చూశారు. రెండు మిగిలాయి.

"రెండు ముక్కల కోసం నేను సరే అనాల్నా బాపూ? ఆయన్నే ఆదిలాబాద్ రమ్మనుండ్రి, వచ్చే ఆదివారం. ఓవెన్ నేను తెప్పిస్త. పెద్దబాపును మాత్రం వంటింట్లకు రానియ్యకుండ్రి."

విక్రాంత్ కాంటాను గుడ్డతో తుడిచి, దాని పెట్టెలో సర్ది, ఆ పెట్టెను అరలో పెట్టకుండా గుమ్మం పక్కన, ఊరికి తీసుకుపోయే సంచి దగ్గర పెట్టాడు. అది చూసి జమున వంటింట్లోకి వెళ్లి అన్నం కుక్కర్ పొయ్యి మీద పెట్టింది, సంబంధం ఖాయమైనట్లే, అన్నానికి ఇక అడ్డమేముందని. జానకీబాయి కొంగు దోపుకొని సాయానికి లేచింది.

లక్ష్మణ్‌రావు పళ్లెంలోని రెండు ముక్కల వైపు చూశాడు. నాలుగు గంటల ప్రయాణం, వెన్న పెట్టిన వస్తువు, ఇల్లు చేరేసరికి ఎందుకూ పనికిరాదు. అసలు మనిషే వస్తున్నప్పుడు శాంపిల్ మోసుకుపోవడంలో అర్థం లేదు. ఒకటి తమ్ముడి చేతిలో పెట్టి, ఇంకోటి తను నోట్లో వేసుకున్నాడు.